ఉండాడు, ఉండాడు

యోగానంద పన్నెండేళ్ళు ఫుట్‌బాల్ ఆడి బతికాడంటే చిత్తూరు జిల్లాలో సగం మంది నమ్మరు. మిగిలిన సగం మంది "క్రికెట్టా?" అని అడుగుతారు. వాళ్ళను తప్పు పట్టి లాభం లేదు. పూతలపట్టు హైస్కూలు మైదానంలో మేకలు మేసేవి, ఎండాకాలంలో చింతపండు ఆరబోసేవాళ్ళు. అక్కణ్ణుంచి ఒకడు కలకత్తా దాకా పోయి, డబ్బులిచ్చి ఆడించుకునే క్లబ్బులో చేరాడంటే వినేవాళ్ళకు వింతగానే ఉంటుంది మరి.

దానికంతటికీ కారణం రాజారత్నం అనే డ్రిల్లు మాస్టారు. కోలారు బంగారు గనుల దగ్గర పుట్టి పెరిగిన మనిషి. ఆ గనుల్లో పనిచేసేవాళ్ళకు ఫుట్‌బాల్ అంటే పిచ్చి, ఆ పిచ్చిని ఆయన ట్రంకు పెట్టెలో పెట్టుకుని పూతలపట్టుకు బదిలీ మీద వచ్చాడు. ఆయన దగ్గర ఉన్నది ఒకే బంతి. దాన్ని కుట్టించి కుట్టించి ఆడించేవాడు. పిల్లలందరూ బంతి వెనక తేనెటీగల్లా పరిగెడుతుంటే యోగానంద ఒక్కడు మధ్యలో నిలబడి, బంతి తన దగ్గరకు రాకముందే తల తిప్పి చుట్టూ చూసుకునేవాడు. మాస్టారు అది కనిపెట్టాడు.

"గోల్ ఏసినోణ్ణి ఊరంతా సూస్తాది. వానికి బంతి ఎవడిచ్చినాడో నేను సూస్తా. నువ్వు నడిమద్దెలో ఆడరా," అన్నాడు.

అట్లా తొమ్మిదో తరగతిలో మిడ్‌ఫీల్డరైన యోగానంద తిరుపతిలో యూనివర్సిటీ జట్టుకు ఆడాడు, ఆ తర్వాత మద్రాసులో ఒక బ్యాంకు జట్టుకు ఆడుతూ అందులోనే గుమాస్తా ఉద్యోగం సంపాదించాడు. ఇంట్లో పండగ చేసుకున్నారు. ఆటకు కాదు, ఉద్యోగానికి.

తండ్రి మునిరామయ్యకు మూడెకరాల చెరకు, సొంత బెల్లం గానుగ. కొడుకు ఆట చూడ్డానికి జన్మలో ఒక్కసారి మద్రాసు వచ్చాడు. జట్టులో అందరికీ పంచాలని బెల్లం అచ్చులు సంచీలో మోసుకొచ్చి, తొంభై నిమిషాలూ ఆ సంచీని ఒళ్ళో పెట్టుకుని కూర్చున్నాడు. ఆట అయ్యాక బయటకు వస్తూ అడిగాడు.

"అది సరేగాని, నువ్వు ఒక్క గోలన్నా ఎయ్యలేదే?"

"నా పని అది కాదు నాయనా. ఆ పక్క ఎవురికి సందుందో సూసి వాళ్ళకి బంతిని పంపాల."

మునిరామయ్య బస్టాండు దాకా నడిచాడు. బస్సెక్కే ముందు, "అంటే చేన్లో నీళ్ళు కట్టేవాని పని. ఒక మడి తడిసినాక మడవ మూసి ఇంగో మడికి తిప్పేది. నీళ్ళు కట్టేవాణ్ణి ఎవురూ మెచ్చుకోరు, పంట ఎండితే మాత్రం వాణ్ణే తిడతారు," అన్నాడు. తన ఆట గురించి పేపర్లవాళ్ళు రాసినవన్నీ కలిపినా ఆ మాటకు సరిరావని యోగానంద అనుకున్నాడు. అనుకున్నాడే గానీ తండ్రితో అనలేదు. ఆ ఇంట్లో మగవాళ్ళకు అట్లాంటివి పైకి అనే అలవాటు లేదు.

తొంభై మూడులో అవ్వ, అంటే మునిరామయ్య తల్లి, పోయింది. ఆ సంగతి ఇక్కడ చెప్పాలి, ఎందుకంటే తర్వాత జరిగిందానికి అదే మూలం.

ఒక శుక్రవారం పొద్దున బ్యాంకుకు ఫోన్ వచ్చింది. చేసింది చిన్నాయన సుబ్రమణ్యం, మునిరామయ్య తమ్ముడు. "అవ్వకి కొంచెం బాగలేదు. నిన్నే అడగతా ఉండాది. భయపడబాక, తినేసి నిదానంగా బయల్దేరు," అన్నాడు. యోగానంద నిజంగానే తినేసి, నిదానంగానే బయల్దేరాడు. దారిలో దిగి కమలాపండ్లు, పెద్ద హార్లిక్స్ సీసా కొన్నాడు. పొద్దుగూకి ఇల్లు చేరేసరికి వాకిలి కడిగేసి ఉంది. ఆడవాళ్ళు తల విరబోసుకుని కూర్చున్నారు. అవ్వను తీసుకుపోయి కాల్చి కూడా వచ్చేశారు. ఫోన్ చేసేసరికే ఆమె పోయి మూడు గంటలైందట.

ఆ వైపు ఊళ్ళలో శనివారం శవం లేవడం అరిష్టం, తోడుకు ఇంకొకరిని తీసుకుపోతుందని భయం. శుక్రవారం పోయినవాళ్ళను శుక్రవారం చీకటి పడేలోపే పంపించేస్తారు. కొడుకైనా సరే, కూతురైనా సరే, దూరాన ఉన్నవాళ్ళ కోసం ఆగరు. ఇక చావు కబురు ఉన్నదున్నట్టు చెప్పడమనేది అక్కడ ఎవరూ చెయ్యరు. ఒంటరిగా బస్సులో వచ్చే మనిషి దారిలో ఏమైపోతాడోనని దయ. "బాగలేదు, రా" అంటారు. "ఉన్నట్టా?" అని అడిగితే "ఉండాడు, ఉండాడు" అంటారు. తినేసి రమ్మంటారు, వచ్చాక ముద్ద దిగదని వాళ్ళకు తెలుసు కాబట్టి. హార్లిక్స్ సీసా చేతిలో పట్టుకుని ఆ వాకిట్లో నిలబడ్డ యోగానందకు అప్పుడు ఇరవై రెండేళ్ళు. ఆ సీసా ఎక్కడ పెట్టాలో తెలీక చాలాసేపు అట్లాగే పట్టుకున్నాడు. ఇంకోసారి ఇట్లా మోసపోకూడదని మాత్రం గట్టిగా అనుకున్నాడు.

ఆ తర్వాత అతనే ఎంతోమందికి అట్లా చెప్పాడు. మద్రాసులో తన గదిలో ఉండే మదనపల్లె కుర్రాడి అన్న లారీ కింద పడి చనిపోతే, "కాలు విరిగిందంట, పోయి సూసి రా" అని బస్సెక్కించి వచ్చాడు. అది అబద్ధమని అతనికి అనిపించలేదు. మర్యాద అనిపించింది.

తొంభై ఏడులో కలకత్తా క్లబ్బు పిలిచింది. దేశం మొత్తానికి కలిపి లీగు పెట్టి, కాగితాల మీద సంతకాలు తీసుకుని, జీతాలిచ్చి ఆడించుకునే కాలం మొదలైంది. రెండేళ్ళ ఒప్పందం. ఉద్యోగానికి రాజీనామా చెయ్యాలి. మునిరామయ్య ఆ మాట విని గానుగ దగ్గర పొయ్యిలోకి చెరకు పిప్పి తోస్తూనే అన్నాడు.

"బ్యాంకు ఉద్యోగం వదిలేసి ఆటకి పోయేవాణ్ణి నేను ఇప్పుటిదాకా సూళ్ళేదు. సరే. కాళ్ళు నీవి."

కోపంగా అన్నాడో, ఒప్పుకుని అన్నాడో తేలలేదు. యోగానంద పోయాడు.

కలకత్తాలో అతను ఎక్కువగా ఆడింది బెంచీ మీద. అతని స్థానంలో ఆడే పెద్దాయనకు దేశం జట్టులో పేరుంది. రెండేళ్ళలో మొదటి నిమిషం నుంచీ దిగిన మ్యాచ్‌లు నాలుగు. మిగిలినవన్నీ ఆఖరి పది నిమిషాలు, కాళ్ళు వేడెక్కేలోపు అయిపోయేవి. ఇంటికి ఉత్తరాల్లో "బాగానే ఆడుతున్నాను" అని రాసేవాడు. ఊరికి పోయి పది నెలలైంది. ఏదో ఒకటి సాధించి పోదామని వాయిదా వేస్తూ వచ్చాడు. పోతే గానుగ దగ్గర ఆ ముసలాయన ముందు నిలబడి ఏం చెప్పాలో తెలీదు.

తొంభై తొమ్మిది మార్చిలో ఒక పెద్ద కప్పు ఫైనల్‌కు జట్టు చేరింది. మ్యాచ్ శనివారం మధ్యాహ్నం మూడింటికి. ఆ పేరున్న పెద్దాయనకు వరసగా రెండు పసుపు కార్డులు పడి ఆడకూడదని తేలింది. గురువారం సాయంత్రం కోచ్ యోగానందను పక్కకు పిలిచి, నువ్వే దిగుతున్నావు, నీ ఒప్పందం నెలాఖరుకు అయిపోతుంది, వచ్చే ఏడు నిన్ను ఉంచుకోవాలో వద్దో క్లబ్బు పెద్దలు ఆ తొంభై నిమిషాల్లో తేల్చుకుంటారు అని చెప్పాడు. అప్పటికి యోగానందకు ఇరవై ఎనిమిది. ఇంకో అవకాశం రాదని లెక్క తెలిసిన ఎవరికైనా తెలుసు.

శుక్రవారం పొద్దున ఎనిమిదింటికి మెస్సుకు ఫోన్ వచ్చింది.

"యోగా, నేను చిన్నాయనని. నాయనకి బాగలేదు. బయల్దేరి రా."

"ఏమైంది?"

"రాత్రి గుండెల్లో నొప్పన్నాడు. తిరుపతికి తీసకొచ్చి ఆసుపత్రిలో పెట్టినాం. నువ్వు రా."

యోగానంద ఫోన్ తీగను వేలికి చుట్టుకున్నాడు. "ఉండాడా చిన్నాయనా?"

"ఉండాడు, ఉండాడు. నిన్నే అడగతా ఉండాడు. భయపడబాక. తినేసి నిదానంగా బయల్దేరు."

"సరే," అన్నాడు యోగానంద. అవతల ఫోన్ పెట్టేసిన చప్పుడయ్యాక కూడా కాసేపు రిసీవరు చెవి దగ్గరే ఉంచుకున్నాడు.

మాటకు మాట అవే. అవ్వప్పుడు చెప్పినవే. అడగతా ఉండాడు, భయపడబాక, తినేసి రా. నాయన పోయాడు.

ఏడుపు వస్తుందేమోనని మంచం మీద కూర్చుని ఎదురుచూశాడు. రాలేదు. ఒంట్లో ఏదో తీసేసినట్టుంది, అంతే. లేచి స్నానాల గదిలోకి పోయి, కట్టుబట్టలతోనే తల మీద బకెట్టు నీళ్ళు కుమ్మరించుకున్నాడు. చావు కబురు విన్నవాడు చెయ్యవలసిన స్నానం అది. తండ్రికి చేసే మొదటి పని కలకత్తాలో, పాకుడు పట్టిన గదిలో, ఎవరికీ తెలీకుండా చేశాడు.

తడి బట్టలతోనే కూర్చుని ఆలోచించాడు. మద్రాసుకు పోయే బండి మధ్యాహ్నం రెండున్నరకు. అదెక్కితే రేపు సాయంత్రం మద్రాసు, రాత్రికి ఊరు. ఈరోజు శుక్రవారం. శనివారం దాకా ఉంచరు. పొద్దుగూకేలోపు చిన్నాయన నిప్పు పెట్టేస్తాడు. రేపు రాత్రి పోయినా బూడిదే, సోమవారం పోయినా ఆ బూడిదే. బూడిదకు తొందరేముంది అనుకున్నాడు. ఆ మాట తన మనసులోకి ఎట్లా వచ్చిందో అతనికే తెలీదు, కానీ వచ్చింది, వచ్చి కూర్చుంది.

ఊళ్ళో ఎస్టీడీ బూత్ నంబరు అతని డైరీలో ఉంది. ఒక ఫోన్ కొట్టవచ్చు. కొట్టినా ఏం చెప్తారు, "ఉండాడు" అనే చెప్తారు. ఎవరు ఎత్తినా అదే చెప్తారు. కాబట్టి కొట్టలేదు. నిజం చెప్పాలంటే, నాయన పోయాడని నమ్మడం ఆ పూట అతనికి అవసరం కూడా. పోయిన మనిషి దగ్గరకు ఆలస్యంగా పోవచ్చు. ఉన్న మనిషి దగ్గరకు పోకుండా ఉండడానికి వీల్లేదు. ఇది అతను అప్పుడు ఇంత తేటగా అనుకోలేదు, తర్వాత చాలా ఏళ్ళు అనుకున్నాడు.

ఎవరికీ చెప్పలేదు. చెబితే కోచ్ పంపించేస్తాడు.

శనివారం బట్టలు మార్చుకునే గదిలో మేనేజరు దేవుడి పటం ముందు దీపం వెలిగించి అందరి నుదుటా బొట్టు పెట్టాడు. యోగానంద పక్కకు జరిగాడు. మైల ఉన్నవాడు దీపం దగ్గరకు పోకూడదు. భయపడుతున్నాడనుకుని గోల్‌కీపర్ భుజం తట్టాడు.

ఆ రోజు ఆడిన ఆట గురించి కలకత్తాలో ఇప్పటికీ చెప్పుకునేవాళ్ళు కొందరున్నారట. యోగానందకు మాత్రం అది గాజు పలక అవతల ఎవరో ఆడినట్టు గుర్తు. అరవై వేల మంది అరుస్తుంటే చెవులకు దూది పెట్టుకున్నట్టుంది. బంతి వచ్చేది, తల తిప్పేవాడు, పంపేవాడు. కుడివైపు నుంచి ఎడమవైపుకు, ఎడమ నుంచి కుడికి. ఒక్క పాస్ తప్పిపోలేదు. రెండేళ్ళుగా బంతి కాలికి తగిలిన ప్రతిసారీ "ఇది పోతే నన్ను మళ్ళీ దింపరు" అని గుండె కొట్టుకునేది. ఆ రోజు కొట్టుకోలేదు. పోయేది పోయింది కదా అన్నట్టు ఉంది లోపల.

డెబ్భై రెండో నిమిషంలో బంతి వచ్చింది. ఎప్పట్లాగే తల తిప్పి చూశాడు. ఎడమ పక్క మనిషి సందు చూసుకుని పరిగెడుతూ చెయ్యెత్తి అడుగుతున్నాడు. ఎప్పుడైనా అయితే ఇచ్చేవాడే. ఆ రోజు ఎందుకో ఇవ్వాలనిపించలేదు. అక్కణ్ణుంచే కొట్టాడు. పాతికేళ్ళుగా ఆట చూస్తున్న రెఫరీ కూడా ఒక క్షణం ఆగి చూశాడట. గోల్.

ఒకటి, సున్నా. అదే ఆఖరి లెక్క. జట్టు అతన్ని భుజాల మీద ఎత్తుకుంది. ఫొటోలవాళ్ళు నవ్వమంటే నవ్వాడు. క్లబ్బు కార్యదర్శి దగ్గరకొచ్చి చెయ్యి పట్టుకుని, ఇంకో మూడేళ్ళు ఎక్కడికీ పోనివ్వమని చెప్పాడు. యోగానంద తల ఊపాడు.

గదిలోకి వచ్చాక కోచ్‌తో, మా నాయన చనిపోయాడు, ఈ రాత్రి మెయిలుకు పోవాలి అన్నాడు. ఎప్పుడని కోచ్ అడిగాడు. నిన్న అన్నాడు యోగానంద. ఆ ముసలి బెంగాలీ కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. గట్టిగా కావలించుకుని, తండ్రి కోసం ఆడావు, నీలాంటి కొడుకుండాలి అన్నాడు. యోగానందకు ఆ చేతులు ఎప్పుడు తీస్తాడా అనిపించింది.

ఆదివారమంతా రైల్లోనే గడిచింది. ఎదురు సీట్లో శ్రీకాకుళం పోయే దంపతులు పులిహోర పెట్టారు, తిన్నాడు. ఏడవాలని ప్రయత్నం చేశాడు. నాయన ముఖం గుర్తు తెచ్చుకున్నాడు, సంచీ ఒళ్ళో పెట్టుకుని కూర్చున్న మనిషిని గుర్తు తెచ్చుకున్నాడు. ఏమీ కదల్లేదు. సాయంత్రం ఆరింటప్పుడు కిటికీలోంచి గోదావరి మీద పొద్దు వాలుతుంటే చూశాడు. నీళ్ళు బాగున్నాయి అనుకున్నాడు.

సోమవారం తెల్లవారి మద్రాసులో దిగి, చిత్తూరు బస్సెక్కి, అక్కణ్ణుంచి తిరుపతి బస్సులో పూతలపట్టు క్రాసు దగ్గర దిగేసరికి పదకొండు. క్రాసులో టీకొట్టు యజమాని గ్లాసులు కడిగేది ఆపి దగ్గరకొచ్చాడు.

"వస్తివా అబ్బా. పో, పో. నీ కోసరమే కాసుకోని ఉండారు."

దేనికి కాసుకుని ఉన్నారో అర్థం కాలేదు. మూడో రోజు చేసే చిన్న దినానికేమో అనుకున్నాడు. వీధి మలుపు తిరగకముందే పలక డప్పుల మోత వినిపించింది. చిన్న దినానికి పలకలు కొట్టరే అనుకుంటూనే మలుపు తిరిగాడు.

ఇంటి ముందు షామియానా వేసి ఉంది. నలుగురు మనుషులు పచ్చి వెదుళ్ళు పరిచి పాడె కడుతున్నారు. వాకిట్లో మంచం మీద మునిరామయ్య పడుకుని ఉన్నాడు. దవడ కింద నుంచి తల మీదికి గుడ్డ కట్టి, నుదుట రూపాయి బిళ్ళ పెట్టి ఉంది. పూలు వాడలేదు.

మూడు రోజులు ఎట్లా ఉంచారు, ఐసు పెట్టారా అని మొదట అనిపించింది. ఆ తర్వాత కాళ్ళు అక్కడే ఆగిపోయాయి. సుబ్రమణ్యం పరిగెత్తుకొచ్చి భుజాలు పట్టుకున్నాడు.

"ఎప్పుడు?" అన్నాడు యోగానంద.

"నిన్న సాయంత్రం రా. ఆరు కావస్తా ఉండె. రొవ్వంతలో తప్పిపోయినావే యోగా. ఆయప్ప మూడు దినాలు పట్టుకోని ఉన్న్యాడే నీ కోసరం." సుబ్రమణ్యం తువ్వాలుతో ముఖం తుడుచుకున్నాడు. "శనివారం బాగుండె. లేచి కూసోని రెండిడ్లీ తిన్న్యాడు. డాక్టరు గూడా పరవాలేదనె. నేను చెప్తానే ఉంటి, పిల్లోడు రైలెక్కేసినాడు, వచ్చేస్తాడని."

తల్లి సిద్ధమ్మ మంచం పక్క నుంచి తల ఎత్తింది. "రైలు అంత లేటాయనా నాయనా? యాడ ఆపేసినారు నిన్ను?"

చుట్టూ ఉన్నవాళ్ళే జవాబు చెప్పేశారు. ఒకాయన ఒరిస్సాలో గూడ్సు బండి పట్టాలు తప్పిందంటగా అన్నాడు. ఇంకొకాయన ఆ దోవలో బండ్లు ఎప్పుడూ అంతే అన్నాడు. అందరూ రైలును తిట్టారు. అందరూ అతని వైపు జాలిగా చూశారు. యోగానంద తల ఊపాడు. అతను చెప్పిన అబద్ధం అంతే, ఒక్క తల ఊపడం.

తర్వాత ఎవరేం చెయ్యమంటే అది చేశాడు. నీళ్ళ కుండ భుజాన పెట్టుకోమంటే పెట్టుకున్నాడు, తిరగమంటే తిరిగాడు, వెనక్కి చూడకుండా నిప్పు పెట్టమంటే పెట్టాడు. కంట్లో చుక్క నీరు లేదు. "పాపం, గుండె రాయి అయిపోయిండాది, చూపు గూడా దక్కలేదు గదా" అని ఆడవాళ్ళు అనుకోవడం వినిపించింది. వింటూ నిలబడ్డాడు. శుక్రవారం రెండున్నర బండి ఎక్కి ఉంటే శనివారం రాత్రి పదింటికల్లా ఆసుపత్రిలో ఉండేవాడు. రాత్రంతా, ఆదివారం సాయంత్రం దాకా. మనసు ఆ లెక్కే వేస్తోంది. వేసిన ప్రతిసారీ ఇరవై గంటలే వస్తోంది.

చిన్నాయన మీద కోపం తెచ్చుకుందామని చూశాడు. దేనికని తెచ్చుకోవాలి? ఆ మనిషి ఉన్నదున్నట్టు చెప్పాడు. అడిగితే కూడా చెప్పాడు, ఒకటికి రెండుసార్లు.

మూడో రోజు చిన్న దినం అయింది. బంధువులు సర్దుకున్నాక సాయంత్రం యోగానంద గానుగ పాక దగ్గర కూర్చున్నాడు. చెల్లెలు ధరణి కాఫీ తెచ్చి పక్కన పెట్టి, తనూ కూర్చుంది. తిరుపతిలో టీచరు ట్రైనింగు చదువుతోంది. ఆ మూడు రోజులూ ఆసుపత్రిలో తండ్రి మంచం పక్కన ఉన్నది ఆమే. ఏడ్చి ఏడ్చి ముఖం ఉబ్బిపోయి ఉంది. ఆ ముఖం చూస్తే యోగానందకు అసూయ వేసింది.

కాఫీ చల్లారిపోయింది.

"ధరణీ," అన్నాడు చివరికి. "నేను శుక్రారం బయల్దేరలేదు. శనారం మ్యాచ్ ఆడి, ఆ రాత్రి బయల్దేరినాను."

ధరణి కాఫీ మీద వాలబోయిన ఈగను తోలింది.

"చిన్నాయన ఫోన్ చేసినప్పుడే నాయన పోయినాడనుకున్నా."

"ఉండాడని చెప్పినాడు గదన్నా చిన్నాయన. నేను పక్కనే ఉంటి."

"అందరూ అట్లనే చెప్తారు గదా."

ధరణి అతని వైపు చూసి, మళ్ళీ తల తిప్పుకుంది. అవ్వ పోయిన రోజు హార్లిక్స్ సీసా అతని చేతిలోంచి తీసుకున్నది ఆమే, అప్పుడు పదకొండేళ్ళ పిల్ల. అందుకే కాబోలు, ఇంకేమీ అడగలేదు. కాసేపటికి చిన్న గొంతుతో అంది.

"నువ్వు ఆడినావని నాకు తెలుసన్నా."

యోగానంద ఆమె వైపు తిరిగాడు.

"ఆదివారం పొద్దున పక్క మంచమాయన కొడుకు పేపరు తెచ్చినాడు. జిల్లా పేజీలో నీ ఫొటో ఉండె, ఇంత పెద్దది. మీ అన్నే గదా అని వార్డంతా చూపించినాడు. నాకు సంతోషం పట్టలేక గబగబా నాయనకి చదివేసినాను. సగం చదివినాక గదా చూసుకునింది, శనివారం సాయంత్రం అని ఉండాది దాంట్లో." ఆమె పైట కొంగు చుట్టి చుట్టి వదిలింది. "ఆపేసినాను. ఎందుకాపినావు, చదువు అన్న్యాడు. మొత్తం చదివినాను. మళ్ళా ఇంగోసారి చదవమన్న్యాడు."

"నాయనకి తెలిసిపోయిందా?"

"తెలీకుండా ఎట్ల ఉంటాదన్నా? అంతకుముందు గంటకోసారి అడగతా ఉండె. బండి బెజవాడ దాటింటాదా, గూడూరుకొచ్చింటాదా అని. శనివారం రాత్రి నిద్ర గూడా పోలేదు, వాడొచ్చే యాళకి నేను నిద్రపోతా ఉంటే లేపరేమో అని." ఆమె ముక్కు తుడుచుకుంది. "పేపరు ఇన్నాక మళ్ళా బండి మాట ఎత్తలేదు. చిన్నాయన, అమ్మ అప్పుడు ఇంటికి పోయిండ్రి, మనూరికి ఆ పేపరు రాదు. నేను ఎవురికీ చెప్పలేదన్నా. అమ్మకి గూడా. పేపరు ఆడనే పడేసినాను."

గానుగ పాకలో ఆరిపోయిన పొయ్యి దగ్గర కోడి ఒకటి బూడిద గోకుతోంది. యోగానంద దాన్నే చూస్తున్నాడు.

"కోపపడినాడా?"

"లేదు. ఇంత గోలుకి ఫొటో ఎయ్యక ఏం చేస్తారు అన్న్యాడు. వార్డులో అందురికీ చెప్పినాడు, నా కొడుకేనని."

"ఇంగేమన్న్యాడు?"

 ధరణి చెప్పకుండా ఉండడానికి ప్రయత్నించింది, పెదవులు బిగించుకుంది. అతను కాఫీ గ్లాసు పట్టుకుని, చూపు తిప్పకుండా అట్లాగే కూర్చున్నాడు.

"మధ్యాన్నం చిన్నాయన లేచి, ఇంగోసారి వానికి ఫోన్ కొట్టొస్తా, బండెక్కినాడో లేదో కనుక్కొస్తా అన్న్యాడు. నాయన చెయ్యి పట్టుకోని కూసోబెట్టేసినాడు. వానికి ఫోన్లు చెయ్యబాకండి, వాడు ఆటలో ఉంటాడు అన్న్యాడు."

ఆ తర్వాత మునిరామయ్య మంచినీళ్ళు అడిగాడట. ఎండ కొడుతోంది, కిటికీ మూయమన్నాడట. కొడుకు గురించి మాత్రం ఆయన అన్న ఆఖరి మాట అదే.